విల్లీ నెల్సన్ ఆల్బమ్‌లు: ‘రెడ్ హెడెడ్ స్ట్రేంజర్’ మేలా, ‘స్టార్‌డస్ట్’ మేలా?

అమెరికన్ కంట్రీ (అక్కడి పల్లె బాణీల నుంచి పుట్టిన సంగీతం) గాయకుడు విల్లీ నెల్సన్‌ని కొత్తగా వినబోయేవాళ్లకు ఎవరైనా చెప్పే పేర్లు ఈ రెండే. మొదటిది 1975లో, రెండోది 1978లో వచ్చింది. రెండూ కొలంబియా రికార్డ్స్‌వే, రెండూ బిల్‌బోర్డ్ పత్రిక కంట్రీ ఆల్బమ్‌ల పట్టికలో మొదటి స్థానానికి ఎక్కినవే. నెల్సన్ స్వయంగా గొప్ప పాటల రచయిత. అయినా ఈ రెండింటిలోనూ పేరొచ్చిన పాటలు ఇతరులు రాసినవి. ఆ పాటలతో ఏం చేశాడన్న దగ్గరే తేడా అంతా ఉంది.

‘రెడ్ హెడెడ్ స్ట్రేంజర్’లో వాటిని ఒకే కథగా కుట్టాడు. తనను వదిలి వెళ్లిన భార్యనూ ఆమె ప్రియుణ్నీ చంపి, గుర్రమెక్కి దేశం పట్టుకు తిరిగే ఒక మతబోధకుడి కథ. ‘టైమ్ ఆఫ్ ద ప్రీచర్’ బాణీ మధ్యమధ్య పల్లవిలా తిరిగొస్తూ కథను ముందుకు నడుపుతుంది. ఐదో పాట ‘బ్లూ ఐస్ క్రయింగ్ ఇన్ ద రెయిన్’ ఫ్రెడ్ రోజ్ రాసిన పాత పాట. గాయకుడిగా నెల్సన్‌కి కంట్రీ సింగిల్స్ (విడిగా విడుదలైన పాటలు) పట్టికలో మొదటి నంబర్ వన్ ఇదే. విడిగా వింటే మామూలు విరహగీతం. నాలుగో ట్రాక్‌లో హత్య జరిగిపోయాక వింటే మాత్రం, ఏడుస్తున్నది చంపినవాడేనని తెలిసి ఒళ్లు జలదరిస్తుంది.

అందుకే దీన్ని షఫుల్‌లో పెడితే చెడిపోతుంది. వరసగా, ఒకే విడతలో వినాలి, అరగంట పైచిలుకు పడుతుంది. పదిహేనో ట్రాక్ ‘బాండేరా’తో కథ అయిపోయింది. తర్వాతి విడుదలల్లో దాని వెనక చేర్చిన నాలుగు ట్రాక్‌లు కథలోవి కావు, అక్కడ ఆపేయండి.

టెక్సస్‌లోని గార్లండ్‌లో రికార్డు చేసిన ఈ ఆల్బమ్‌లో గిటార్, అక్క బాబీ పియానో, మికీ రఫేల్ మౌతార్గాన్, ఇంకొద్దిగా వాద్యాలు, అంతే. కంపెనీ పెద్దలు ఇది డెమో (అసలు రికార్డింగ్‌కి ముందు చేసే నమూనా) అనుకున్నారు. ఫోన్ స్పీకర్లో వింటే మనకూ అలాగే పలచగా అనిపిస్తుంది. ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, చుట్టూ చప్పుడు లేనప్పుడు వినండి. పాటకీ పాటకీ మధ్య నిశ్శబ్దం కూడా కథలో భాగమే.

‘స్టార్‌డస్ట్’ పది పాటలు. హోగీ కార్మైకేల్, ఇర్వింగ్ బెర్లిన్, గెర్ష్విన్, డ్యూక్ ఎలింగ్టన్ వంటివారి పాత అమెరికన్ పాటలు. నిర్మాత బుకర్ టి. జోన్స్ ఆర్గన్, తీగవాద్యాలు జతచేసి మెత్తటి శబ్దం తెచ్చాడు. ఇక్కడ వరస పట్టింపు లేదు. చిక్కల్లా మరొకటి: హాయిగా ఉంది కదా అని పని చేసుకుంటూ వింటే అసలు పనితనం జారిపోతుంది. ‘ఆల్ ఆఫ్ మీ’ పెట్టి వేలితో తాళం వేయండి. నెల్సన్ మాటలు దెబ్బ మీద పడవు. కొన్ని ముందే వచ్చేస్తాయి, కొన్ని ఆగి వస్తాయి, వాక్యం చివర మాత్రం తాళంతో కలుస్తాడు. అతని నైలాన్ తీగల మార్టిన్ గిటార్ కూడా అచ్చం గొంతులాగే నడుస్తుంది.

గానం నేర్చుకునేవాళ్లకు ‘స్టార్‌డస్ట్’ మేలు. అమెరికన్ యాస ఇంకా చెవికెక్కనివాళ్లూ దీంతోనే మొదలుపెట్టాలి. ఒక్కటే కొనాలంటే మాత్రం ‘రెడ్ హెడెడ్ స్ట్రేంజర్’. పాత పాటలు అందంగా పాడినవాళ్లు చాలామంది ఉన్నారు, పరాయి పాటలతో సొంత కథ చెప్పగలిగినవాళ్లు అరుదు. మొదటిసారి సాహిత్యం ఎదురుగా పెట్టుకుని, రెండోసారి అది లేకుండా వినండి.