ఎస్టోనియా తొలి సినిమాకారుడి ఫోటోలు: అనంతపురం నుంచి మూయిస్ పోర్టల్ వాడేవాళ్లకు

ఉత్తర యూరప్ దేశం ఎస్టోనియాలోని మ్యూజియంలు తమ సేకరణలను జనానికి చూపించే ఆన్‌లైన్ పోర్టల్ పేరు మూయిస్ (MuIS). చూడటానికి పైసా కట్టక్కర్లేదు. స్టూడియో నడిపేవాళ్లూ, పల్లెల్లో పాత కళలను కెమెరాకెక్కిస్తున్నవాళ్లూ ఇందులో ముందు యోహన్నెస్ పాసుకే ఫోటోలు తెరవాలి. మన తాడిపత్రిలో కె.వి.రెడ్డి పుట్టిన 1912లోనే, ఎస్టోనియాలోని తార్తూ ఊళ్లో విమానం ఎగరడాన్ని ఈయన సినిమా తీశాడు. ఎస్టోనియావాళ్లు తమ తొలి సినిమాగా దాన్నే లెక్కిస్తారు. అప్పటికాయన వయసు 20. తర్వాత ఎస్టోనియా జాతీయ మ్యూజియం కోసం ఊరూరా తిరిగి వెయ్యికి పైగా ఫోటోలు తీశాడు. 1918 జనవరిలో, 26 నిండకముందే, రైలు ప్రమాదంలో పోయాడు.

వెతకడం దగ్గరే చిక్కు. పాసుకే అంటే వాళ్ల భాషలో స్వాలో పిట్ట. ఇంటిపేరు ఒక్కటే కొడితే పిట్టల బొమ్మలూ వచ్చి పడతాయి, పూర్తి పేరు ఇంగ్లీషు అక్షరాల్లో ఇలా కొట్టండి: Johannes Pääsuke. ఇంటిపేరులో పి తర్వాత వచ్చే రెండు ‘ఏ’ల మీదా రెండేసి చుక్కలుండాలి. ఫోన్ కీబోర్డులో ‘ఏ’ మీద వేలు అదిమిపట్టుకుంటే ఆ అక్షరం బయటికొస్తుంది. వివరాలు ఎస్టోనియన్‌లో ఉంటాయి. బ్రౌజర్‌లో ఇంగ్లీషు అనువాదం పెట్టుకుంటే పని జరుగుతుంది, కానీ అది ఊరిపేర్లను కూడా ఒక్కోసారి తర్జుమా చేసేస్తుంది. ఊరిపేరు మాత్రం మూలంలోనే చూసుకోండి.

ఈ పోర్టల్‌కి అసలు విలువ ఆ వివరాల వల్లే. ఏ ఊళ్లో తీశారు, ఏ ఏడు, ఎవరు తీశారు, మ్యూజియం నంబరెంత, అన్నీ ఫోటోతోపాటే ఉంటాయి. ధర్మవరం దగ్గర నిమ్మలకుంట తోలుబొమ్మలను తీస్తున్నవాళ్లు ఈ ఒక్క పద్ధతి పట్టుకున్నా చాలు.

ఎస్టోనియా ఆగ్నేయ మూలన ఉండే సెతూ జనంలో ఆడవాళ్ల ఫోటో ఒకటి పెద్దది చేసి చూడండి. గుండెల మీద గిన్నె బోర్లించినట్టు ఇంత పెద్ద వెండి పిన్ను ఉంటుంది. దాని మెరుపంతా కనిపిస్తుంది. బట్టల్లో ఎర్రగా ఉండాల్సిన కుట్టుపని మాత్రం నల్లగా, ఆకాశం తెల్లకాగితంలా ఉంటాయి. ఫోటో పాడైందనుకోకండి. ఆనాడు ఫిల్ముకు బదులు కెమెరాలో వాడిన గాజు ప్లేట్లు ఎరుపును పట్టుకోలేవు, నీలాన్ని మరీ ఎక్కువ పట్టేస్తాయి.

ప్రింటు వేయించేటప్పుడే చాలా ఫోటోలు చెడిపోతాయి. ల్యాబులో ఆటో కలర్, షార్ప్‌నెస్ రెండూ ఆపేయమని గట్టిగా చెప్పండి, లేకపోతే ఆ తెల్లటి ఆకాశం మచ్చలుపడి, మొహాలు గరుకుగా తేలతాయి. రంగుల పేపరు మీద నలుపు తెలుపు ఫోటో వేస్తే ఒక్కోసారి ఆకుపచ్చగానో గులాబీగానో జీర వస్తుంది కాబట్టి ముందు 4×6 ఒకటి వేయించి పగటి వెలుగులో చూడండి. 8×12 కావాలంటే ఫైలు 2400×3600 పిక్సెళ్లుండాలి. చిన్న వైపు 1200 మాత్రమే ఉంటే 4×6తో ఆగడం మంచిది. పోర్టల్‌లో సైజులు ఒక్కలా ఉండవు, ఇది నిజంగా లోపమే. ఇంకో సంగతి: ఆ ప్లేట్ల కొలత 8×12కి సరిగ్గా అతకదు. పేపరు నిండా వేస్తే తలో పాదాలో తెగుతాయి. తెల్ల అంచు వదలమనండి.

సినిమాలు విడిగా వెతుక్కోవాలి. 1913 నాటి సెతూమా యాత్ర చిత్రం, 1914 నాటి పార్నూమా ఎలుగుబంటి వేట తప్పక చూడాల్సినవి. రెండోది కల్పిత కథ, పార్నూ అనే ఊరి రాజకీయాల మీద వ్యంగ్యం. కాపీలో మనుషులు పరుగులు తీస్తున్నట్టుంటే అది స్పీడు తప్పు. మూకీలను చాలావరకు సెకనుకు 16 నుంచి 18 ఫ్రేముల చొప్పున తీసేవారు, 24తో ఆడిస్తే అందరూ గెంతుతారు. వీఎల్‌సీలో స్పీడు 0.67కీ 0.75కీ మధ్య పెట్టి, నడక మామూలుగా కనిపించేచోట ఆపండి. కాపీని ముందే సరిదిద్ది ఉంటే ముట్టుకోవద్దు.

హక్కుల గడువు ఎప్పుడో తీరిపోయింది కాబట్టి బడిలోనో హాలులోనో ప్రదర్శన పెట్టుకోవచ్చు. ఫోటోగ్రాఫర్ పేరు, ఊరు, ఏడు, ఈఆర్ఎం ఎఫ్‌కె (ERM Fk)తో మొదలయ్యే జాతీయ మ్యూజియం నంబరు ఆ తెల్ల అంచులోనే అచ్చువేయించండి. వెనకవైపు బాల్‌పెన్‌తో రాస్తే ముందుకు నొక్కులు పడతాయి.