వన్‌టౌన్ దాతల నడక: 300 రూపాయలకి ఏం చూపించారంటే

పోయిన ఆదివారం పొద్దున్నే మా ఆడపడుచుతో కలిసి వన్‌టౌన్‌లో గైడ్ వెంట నడిచే టూర్‌కి వెళ్లొచ్చాను. మనిషికి 300 తీసుకున్నారు. రెండున్నర గంటలన్నారు, మూడు దాటింది. చదువుకి, వైద్యానికి, కళలకి డబ్బిచ్చిన విశాఖ దాతల కథలు చెబుతారని చూసి టక్కున పేరిచ్చేశాను. ఎందుకంటే నేను పుట్టింది ఇక్కడి ఘోషాసుపత్రి అనే కాన్పుల ఆసుపత్రిలో, మా అమ్మ పుట్టిందీ అక్కడే. ఆ పేరెందుకొచ్చిందో ఇన్నేళ్లొచ్చినా నాకు తెలీదు.

గైడ్ ఒక రిటైరైన చరిత్ర మాస్టారు. మైకు లేదు. చేతిలో ప్లాస్టిక్ ఫోల్డరు, అందులో పాత ఫొటోల జిరాక్సులు, పట్టుకుని పట్టుకుని అంచులు బట్టలా మెత్తబడిపోయాయి.

మొదట ఏవీఎన్ కాలేజీ. "బోర్డు పూర్తిగా చదవండమ్మా" అన్నారు. మిసెస్ ఏవీఎన్ కాలేజీ అని ఉంటుంది కదా, ఆ దారిన వందసార్లు వెళ్లుంటాను, ఆ మిసెస్ ఎవరని ఒక్కసారీ అనుకోలేదు. 1860లో స్కూలుగా మొదలైన ఈ చదువులబడికి అంకితం వెంకట నరసింగరావు గారి భార్య అచ్చయ్యమ్మ గారు లక్ష రూపాయలిచ్చారట, ఆ లక్షకి కృతజ్ఞతగానే ఈ పేరు. ఆవిడ తండ్రి గోడే వెంకట జగ్గారావు గారు 1840లో డాబాగార్డెన్స్‌లో సొంత ఖర్చుతో నక్షత్రాలు చూసే వేధశాల పెట్టిన మనిషి. ఆయన పోయాక దాన్ని అల్లుడు నరసింగరావు గారు చూసుకున్నారు, 1892లో ఆయనా పోయారు. సి.వి. రామన్ గారి నాన్న పాఠాలు చెప్పిందీ, రామన్ ఎఫ్‌ఏ (ఇప్పటి ఇంటర్ లాంటిది) చదివిందీ ఈ కాలేజీలోనే. అంతా చెప్పి మాస్టారు మా వైపు చూసి, "మరి ఆవిడ సొంత పేరు బోర్డులో ఎక్కడుంది?" అని అడిగారు. మాకు నోట మాట రాలేదు. లక్ష ఇచ్చిన మనిషి పేరు మొగుడి పేరు ముందు ఒక్క మిసెస్‌గా మిగిలింది. నాకు నిజంగా బాధేసింది, ఇంటికొచ్చాక కూడా అదే తలచుకుంటూ కూర్చున్నాను.

దారిలో మాస్టారు అన్న మాట ఒకటి రాయాలి. "కట్టడానికి ఇచ్చేవాళ్లు దొరుకుతారమ్మా, నెలనెలా నడపడానికి ఇచ్చేవాళ్లే దొరకరు." మా వీధిలో రెండేళ్ల కిందట ఒక ఉచిత క్లినిక్‌కి రిబ్బన్ కట్ చేశారు, ఆర్నెల్లకే తాళం పడింది, నాకు వెంటనే అదే గుర్తొచ్చింది.

టౌన్‌హాల్ బొబ్బిలి రాజావారి దానం, 1904 నాటిది. మేం వెళ్లేసరికి గేటుకి తాళం. ముందే అడిగి తీయించుంటే బాగుండేది, ఇది టూర్ వాళ్ల లోపమే. కానీ ఆ గేటు ముందే మాస్టారు వయొలిన్ విద్వాంసుడు ద్వారం వెంకటస్వామి నాయుడు గారి కథ చెప్పారు. మన విశాఖలో పెరిగిన కుర్రాడు, చూపు సరిగ్గా లేక బడి మానేశాడు. 1919లో విజయనగరం మహారాజావారు సంగీత కళాశాల పెడితే విద్యార్థిగా చేరదామని వెళ్లాడు. వయొలిన్ విని, 26 ఏళ్లవాణ్ని ఏకంగా ప్రొఫెసర్‌ని చేసేశారు. రాజావారి డబ్బు లేకపోతే ఆ కాలేజీ లేదు, ఆ కాలేజీ లేకపోతే ఆ కుర్రాడు ఎక్కడ తేలేవాడో అని మా ఆడపడుచు అంటూనే ఉంది. తనూ చిన్నప్పుడు వయొలిన్ నేర్చుకుని ఫీజు కట్టలేక మానేసింది లెండి.

నాకు కోపం వచ్చింది మాత్రం ఘోషాసుపత్రి దగ్గర. గేటు బయట ఐదు నిమిషాలే! ఘోషా అంటే పరదా అనీ, మగ డాక్టరు ముందుకి రాలేని ఆడవాళ్ల కోసం ఇలాంటి ఆసుపత్రులొచ్చాయనీ చెప్పారు. మద్రాసులో మేరీ షార్లీబ్ అనే డాక్టరమ్మ 1885లో మొదలుపెట్టిన ఘోషాసుపత్రి భవనానికి మన వెంకటగిరి రాజావారు లక్ష ఇచ్చారట. అంతలో ఫ్లాస్కు, ప్లాస్టిక్ బుట్ట పట్టుకుని గోడవారన కూర్చున్న ఒక ముసలావిడ "ఏటమ్మా, ఏటి సూత్తన్నారు?" అంది. ఆసుపత్రుల గురించి చెబుతున్నారమ్మా అన్నాను. "మా పిల్లకి రేతిరే ఆడపిల్ల పుట్టింది" అని బుట్టలోంచి ఉతికి మడతపెట్టిన పాత చీర ముక్కలు తీసి చూపించింది. నేను అక్కడే ఇంకో పావుగంట ఉండేదాన్ని, ఇంతలో మాస్టారు కదలమన్నారు.

ఆఖరున కురుపాం మార్కెట్. 1914లో కురుపాం రాజావారు పోయిన రాణిగారి జ్ఞాపకంగా కట్టించారు. అక్కడ ఎండ ఎక్కేసింది, జనం, బళ్ల హారన్లు, సగం మాటలు వినపడలేదు. చిన్న స్పీకరు పెట్టుకోమని మాస్టారికి చెప్పాను, సరేనమ్మా అన్నారు.

నా లెక్కలో ఐదుకి నాలుగు. ఆ ఒకటి తాళానికీ ఘోషాసుపత్రికీ కోశాను. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లని తీసుకెళ్లకండి, ఎత్తుపల్లాలు ఎక్కువ. మధ్యలో బాత్‌రూమ్ సౌకర్యం లేదు, ఆడవాళ్లు అది చూసుకుని బయల్దేరండి. నీళ్ల సీసా మీదే తెచ్చుకోవాలి. వచ్చే నెల మా అమ్మాయిని తీసుకెళ్తున్నాను, ఘోషాసుపత్రి దగ్గర పావుగంట ఆగుతామంటేనే డబ్బు కడతానని మాస్టారికి ఫోన్ చేసి చెప్పాను.