నేషనల్ పర్మిట్ ఆన్‌లైన్ సేవ: వరంగల్ లారీ ఓనర్లకు ఎంతవరకు అక్కరకొస్తుంది?

ఎనుమాముల మార్కెట్ మిర్చి నాగపూర్ చేరాలన్నా, కరీంనగర్ గ్రానైట్ కాకినాడ పోర్టుకు పోవాలన్నా లారీకి నేషనల్ పర్మిట్ (ఎన్‌పీ) ఉంటేనే నిశ్చింత. కేంద్ర పరివాహన్ పోర్టల్‌లోని ఈ సేవలో మెచ్చుకోదగ్గది డబ్బు కట్టే పద్ధతి. ఏడాదికి కాంపోజిట్ ఫీజు (అన్ని రాష్ట్రాలకూ కలిపి ఒకేసారి కట్టేది) 16,500, ఆథరైజేషన్ (వేరే రాష్ట్రాల్లో తిరిగే అనుమతి) ఫీజు 1,000, మొత్తం 17,500 రూపాయలు. దీనితో దేశమంతా తిరగొచ్చు. రాష్ట్రానికో డీడీ తీసే బాధ 2010లోనే పోయింది.

అయితే ఎక్కువ మంది దెబ్బతినేది గడువు దగ్గర. ఆర్టీఏ ఇచ్చే గూడ్స్ పర్మిట్ 5 ఏళ్లది, దాని మీద తీసుకునే ఆథరైజేషన్ మాత్రం ఏడాదిదే. ‘పర్మిట్ ఇంకా మూడేళ్లుంది కదా’ అని ఆథరైజేషన్ మరిచిపోతే బార్డర్‌లో బండి ఆగుతుంది. రెండు తేదీలూ క్యాబిన్‌లో రాసి అతికించండి. 5 ఏళ్ల పర్మిట్ రెన్యువల్‌కు గడువు తీరడానికి కనీసం 15 రోజుల ముందే దరఖాస్తు పడాలి.

పాత బండి కొనేవాళ్లు ముందు ఆర్‌సీలో మొదటి రిజిస్ట్రేషన్ తేదీ చూడాలి. ఆరు టైర్ల రెండు యాక్సిళ్ల లారీకి 12 ఏళ్లు దాటితే ఎన్‌పీ రాదు. పది, పన్నెండు టైర్ల మల్టీ యాక్సిల్ బండికి 15 ఏళ్ల వరకు ఇస్తారు. పదకొండేళ్ల ఆరు టైర్ల బండిని ఇంజన్ బాగుందని దూరపు కిరాయిల కోసం కొంటే, ఏడాది తిరిగేసరికి అది ఎన్‌పీకి పనికిరాదు. బేరం ఆడేటప్పుడే ఈ లెక్క వేసుకోవాలి.

ఫైనాన్స్ బండికి పర్మిట్ రెన్యువల్ చేయాలంటే ఫైనాన్సర్ ఎన్‌ఓసీ (అభ్యంతరం లేదనే పత్రం) కావాలి. రాతపూర్వకంగా అడిగి, అందినట్టు సంతకం తీసుకోండి. 7 రోజుల్లో ఎన్‌ఓసీ ఇవ్వక, ఎందుకివ్వరో కూడా చెప్పకపోతే, ఇచ్చినట్టే లెక్క అని మోటారు వాహనాల చట్టం 51వ సెక్షన్ చెబుతోంది. ఓనర్లకు ఇంత మేలు చేసే నిబంధన చాలామందికి తెలియకపోవడం బాధాకరం.

టాటా ఏస్ లాంటి, మొత్తం బరువు 3,000 కిలోలు మించని బండికి అసలు పర్మిటే అక్కర్లేదు. ఆ పేరుతో ఏజెంటు డబ్బడిగితే ఇవ్వొద్దు.

ఇక ఈ సేవతో తీరని అవసరం ఒకటుంది. బిల్టీ (సరుకు రసీదు) రాసి అందరి సరుకూ బుక్ చేసే ట్రాన్స్‌పోర్ట్ ఆఫీసుకు, బ్రోకర్లతో సహా, క్యారేజ్ బై రోడ్ చట్టం 2007 కింద కామన్ క్యారియర్ రిజిస్ట్రేషన్ విడిగా ఉండాలి. దాని గడువు 10 ఏళ్లు. ఎన్‌పీ ఉంది కదా అని ఇది వదిలేయడం తప్పు. ఎన్‌పీ బండికి, ఇది వ్యాపారానికి.

సరుకు వేసే వ్యాపారులు కూడా ఈ రిజిస్ట్రేషన్ నంబర్ అడిగి తీరాలి. బుకింగ్ అప్పుడే సరుకు విలువ ఎక్కువని రాయించి హై రిస్క్ రేటు (ఆ ఎక్కువ బాధ్యతకు అదనపు కిరాయి) కట్టకపోతే, సరుకు పోయినప్పుడు క్యారియర్ బాధ్యత కిరాయికి పది రెట్ల వరకే. 20,000 కిరాయి మీద 10 లక్షల మిర్చి పోతే చేతికొచ్చేది గరిష్ఠంగా 2 లక్షలు. దానికి కూడా బుక్ చేసిన రోజు నుంచి 180 రోజుల్లోపు రాతపూర్వక నోటీసు ఇచ్చి ఉండాలి.