ఓడిన నెపోలియన్‌ని చూడాలంటే లైప్‌జిగ్‌కే వెళ్లాలి

బెర్లిన్ దాకా వెళ్లినవాళ్లు ఇంకో గంటంపావు రైలెక్కి లైప్‌జిగ్ కూడా చూసి రావాలని నేను గట్టిగా చెబుతాను. అక్కడి లలితకళల మ్యూజియంలో ఫ్రెంచ్ చిత్రకారుడు పాల్ డెలరోష్ 1845లో వేసిన నెపోలియన్ ఉన్నాడు. అది 1814 మార్చి 31, పారిస్ దగ్గరి ఫాంటైన్‌బ్లో కోట. పారిస్ చెయ్యిజారిపోయిందని తెలిసి చక్రవర్తి కుర్చీలో కూలబడ్డాడు. టోపీ నేల మీద పడి ఉంది. బూట్ల నిండా బురద, కోటు కూడా విప్పలేదు, పొట్ట ముందుకొచ్చింది. చూపు మాత్రం ఎటూ కదలదు. నిలువెత్తు చిత్రం కావడంతో ఎదుట నిలబడితే ఆ గదిలోకి మనమే అడుగుపెట్టామనిపిస్తుంది. నాకైతే అక్కడి నుంచి కదలబుద్ధి కాలేదు.

నెపోలియన్‌ని 1813 అక్టోబరులో చిత్తుగా ఓడించింది ఈ ఊళ్లోనే. ఆ తర్వాత ఆరు నెలలు తిరక్కుండానే సింహాసనం పోయింది. హైన్‌రిష్ ష్లెటర్ అనే పట్టు వ్యాపారి ఐదేళ్లలో మ్యూజియం కట్టాలని షరతు పెట్టి మరీ ఈ చిత్రంతో సహా తను సేకరించినవన్నీ ఊరికి రాసిచ్చాడు. ఎంత మంచి షరతు! 1858లో మ్యూజియం తెరిచారు. ఇప్పుడున్న అద్దాల భవనం 2004 నాటిది.

సోమవారం సెలవు. చిత్రాలను అప్పుడప్పుడు మారుస్తుంటారు కాబట్టి ఇది గోడ మీద ఉందో లేదో ముందే అడగండి. బస రైల్వే స్టేషన్ దగ్గరే చూసుకోండి, మ్యూజియానికి నడిచి వెళ్లొచ్చు. నేను దిగిన హోటల్లో గది శుభ్రంగా ఉంది కానీ ట్రామ్‌ల చప్పుడుకి నిద్ర సరిగ్గా పట్టలేదు. వెనకవైపు గది అడగడం మేలు. 1813 యుద్ధానికి గుర్తుగా కట్టిన 91 మీటర్ల స్మారకానికి 15వ నంబరు ట్రామ్ వెళ్తుంది. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు కింద నుంచే చూస్తే చాలు.

డెలరోష్ ఇదే చిత్రాన్ని 1840లోనూ వేశాడు, అది పారిస్ సైనిక మ్యూజియంలో ఉంది. అక్కడ జనమంతా నెపోలియన్ సమాధి వైపే పరుగెడతారు. ఆ హడావుడిలో ఇలాంటి చిత్రాన్ని నిదానంగా చూడటం కష్టం. పారిస్‌లో ఒక రోజు మిగిలితే నేను ఫాంటైన్‌బ్లోకే ఓటేస్తాను. పదవీత్యాగం చేసిన గది, అందులో చిన్న గుండ్రటి బల్ల ఇప్పటికీ ఉన్నాయి. పారిస్‌లోని గార్ ద లియోన్ స్టేషన్ నుంచి రైల్లో సుమారు 40 నిమిషాలు, దిగాక కోటకి బస్సు. మంగళవారం మాత్రం వెళ్లకండి, మూసేస్తారు. తిరుగు బస్సు కోసం బాగా ఎదురుచూడాల్సి వచ్చింది, చేతిలో తినడానికి ఏదైనా ఉంచుకోండి.