గేమ్ వెనకాల నడిపే టూల్ అని అమ్ముతున్నాడు, దయచేసి కొనకండి

అందరికీ నమస్కారం. మన గేమింగ్ గ్రూపుల్లో "బ్యాక్‌గ్రౌండ్ టూల్", అంటే మనం వేరే పని చేసుకుంటున్నా ఆటను వెనకాల ఆగకుండా నడిపే ప్రోగ్రాం అని చెప్పి అమ్ముతున్నవాడి దగ్గర ఎవరూ ఏమీ కొనకండి. మైన్‌క్రాఫ్ట్ ఆటలోని గొలెం (ఇనుప కాపలా బొమ్మ) డీపీ పెట్టుకుని ప్రతి పోస్టు కిందా "ఇన్‌బాక్స్‌కి రండి మేడమ్, ఇన్‌బాక్స్‌కి రండి బ్రో" అని రాస్తుంటాడు, మీలో చాలామంది చూసే ఉంటారు. నేను 16వ తేదీ సాయంత్రం 1,799 రూపాయలు కట్టి కొన్నాను. ఈ రోజు 19. ఈ మూడు రోజుల్లో మా ఇంట్లో సరిగ్గా అన్నం తిన్నవాళ్లు లేరు. కోపంలో రాస్తున్నాను, ముందూ వెనకా అయితే సర్దుకుని చదవండి.

మాది విజయవాడ. నేను ఇంటి నుంచే అకౌంట్స్ చూస్తాను. పదకొండు షాపుల జీఎస్టీ రిటర్నులు నా చేతి మీదుగానే వెళ్తాయి. ఇంట్లో ల్యాప్‌టాప్ ఒక్కటే. పగలు నా పని, సాయంత్రం మా బాబు మైన్‌క్రాఫ్ట్. వాడు తొమ్మిదో తరగతి.

ఆ ఆట ఆడేవాళ్లకు ఐరన్ ఫార్మ్ అంటే తెలుసు. తెలియనివాళ్ల కోసం రెండు మాటలు. పల్లెటూరి బొమ్మలు జాంబీని చూసి భయపడతాయి, భయపడితే కాపలాకి ఇనుప గొలెం పుడుతుంది, అది గుంటలో పడి లావాలో కాలి చస్తే మూడు నుంచి ఐదు ఇనుప కడ్డీలు వస్తాయి. అవి వాటంతట అవే పెట్టెలోకి చేరతాయి. మనం ఏమీ చేయక్కర్లేదు, కానీ ఆట నడుస్తూ ఉండాలి, మన బొమ్మ ఆ చుట్టుపక్కలే నిలబడి ఉండాలి. మా వాడు బీకన్, అంటే ఆకాశంలోకి వెలుగు చిమ్మే దీపం, కట్టాలనుకున్నాడు. దాని కింద నిండు పిరమిడ్‌కి 164 ఇనుప బ్లాకులు కావాలట, బ్లాకుకి తొమ్మిది కడ్డీల లెక్కన 1,476. లెక్కల నోట్‌బుక్ వెనక పేజీలో గళ్లు గీసుకుని రోజూ ఎన్ని వచ్చాయో రాసుకునేవాడు. 900 దాటాయి. పొద్దున్న స్కూల్ బస్ ఎక్కుతూ "అమ్మా, ఫార్మ్ ఆపకు" అని చెప్పి వెళ్లేవాడు.

నేను ఆపేదాన్ని కాదు. కానీ ఎక్సెల్ మీద క్లిక్ చేసిన మరుక్షణం ఆట దానంతటదే ఆగిపోయి మెనూ వచ్చేస్తుంది. ఎనిమిది గంటలు పని చేసుకుంటే ఎనిమిది గంటలూ ఆగే ఉండేది. వాడు సాయంత్రం వచ్చి పెట్టె తెరిచి చూసేవాడు. నన్ను ఒక్క మాట అనేవాడు కాదు, నోట్‌బుక్‌లో సున్నా వేసుకునేవాడు. ఆ సున్నాలు చూడలేకే గ్రూపులో అడిగాను. ఐదు నిమిషాల్లో వీడి మెసేజ్ వచ్చింది.

రెండు రోజులు ఎంత మర్యాదగా మాట్లాడాడో. "మేడమ్, మీలాంటి తల్లులు ఉండాలి." "మేడమ్, మీరు ఎక్సెల్ చేసుకోండి, జూమ్ మాట్లాడుకోండి, గేమ్ వెనకాల దాని పని అది చేసుకుంటుంది." యూపీఐలో డబ్బు కట్టాను. జిప్ ఫైలు పంపాడు, దానికి పాస్‌వర్డ్ 1234. జిప్‌కి పాస్‌వర్డ్ ఎందుకని అడిగాను. "కాపీ కొట్టకుండా మేడమ్" అన్నాడు. అసలు కారణం మా అక్క కొడుకు తర్వాత చెప్పాడు. పాస్‌వర్డ్ ఉన్న జిప్ లోపల ఏముందో యాంటీవైరస్‌కి కనిపించదట. దింపుకునేటప్పుడు లోపలిది బయటపడకుండా అది నేరుగా మన ఇంట్లోకి వస్తుంది.

తర్వాత వాట్సాప్ కాల్ చేసి ఒక్కొక్కటీ నాతోనే చేయించాడు. విండోస్ సెక్యూరిటీ, అంటే విండోస్‌తో పాటే వచ్చే డిఫెండర్ యాంటీవైరస్ ఉండే చోటు, తెరవమన్నాడు. వైరస్ అండ్ థ్రెట్ ప్రొటెక్షన్‌లోకి వెళ్లమన్నాడు. రియల్ టైమ్ ప్రొటెక్షన్ అనే మీట ఆపమన్నాడు. "ఎరుపు రంగు వస్తుంది, కంగారు పడకండి మేడమ్, అది మామూలే" అన్నాడు. నిజంగానే ఎర్ర గుర్తు వచ్చింది. ముందే చెప్పాడు కదా అని ఇంకా నమ్మాను. తర్వాత ఎక్స్‌క్లూజన్స్‌లో ఆ ఫోల్డర్ పెట్టించాడు, అంటే ఆ ఫోల్డర్‌లో ఏమున్నా చూడొద్దని కాపలావాడికి నా చేతే చెప్పించాడు. ఫైలు మీద రెండు క్లిక్కులు. అనుమతిస్తారా అని అడిగింది, ఎస్ కొట్టాను. నల్లటి కిటికీ ఒకటి రెప్పపాటు కనిపించి మాయమైంది. "అయిపోయింది మేడమ్, ఇప్పుడు ఎక్సెల్ మీద క్లిక్ చేసి చూడండి." చేశాను. ఆట ఆగలేదు. వెనకాల గొలెం కింద పడిన చప్పుడు వినిపించింది. బాబు గంతులు వేశాడు. నేను ఆ అమ్మినవాడికి థాంక్స్ చెప్పాను. ఆ థాంక్స్ గుర్తొస్తేనే ఇప్పుడు కడుపు మండిపోతోంది.

ఆ రాత్రి 1:40కి మైక్రోసాఫ్ట్ నుంచి పాస్‌వర్డ్ మారిందని మెయిల్ వచ్చింది. నేను నిద్రలో ఉన్నాను, పొద్దున్నే చూశాను. బాబు పుట్టినరోజుకి కొన్న మైన్‌క్రాఫ్ట్ ఆ ఖాతాలోనే ఉంది. రెండో అంచెగా ఫోన్‌కి కోడ్ వచ్చే ఏర్పాటు పెట్టుకున్నదాన్నే, ఒక్క కోడ్ కూడా రాలేదు. ఎందుకంటే వాళ్లు లాగిన్ అవ్వక్కర్లేదు. మనం ఒకసారి లాగిన్ అయ్యాక బ్రౌజర్ దగ్గర ఒక గుర్తింపు చీటీ ఉంటుంది, కుకీ అంటారు. మాటిమాటికీ పాస్‌వర్డ్ అడగకుండా ఉండేది దానివల్లే. ఆ చీటీ ఎత్తుకుపోతే తాళంతో పనే లేదు.

నేను చేసిన రెండో తప్పు ఇక్కడే. కంగారులో అదే ల్యాప్‌టాప్‌లో కూర్చుని జీమెయిల్ పాస్‌వర్డ్, ఇన్‌స్టా పాస్‌వర్డ్ మార్చాను. మారుస్తున్నవి కూడా వాళ్లకు చేరుతున్నాయని ఆ క్షణంలో తట్టలేదు. మధ్యాహ్నానికి నా ఇన్‌స్టాలో "ఒక్క రోజులో డబ్బు రెట్టింపు" అని స్టోరీ, నా ఫొటోతో సహా. మా ఆడపడుచు ఫోన్ చేసి "వదినా, ఇదేంటి?" అని అడిగేదాకా నాకు తెలియదు.

అప్పుడు ఆ టూల్ అమ్మినవాడికి ఫోన్ చేశాను. అప్పటికీ వాడి మీద అనుమానం లేదు, నిజంగా చెప్తున్నాను. ఏదో పొరపాటు జరిగింది, సాయం చేస్తాడనే అనుకున్నాను. మూడోసారికి ఎత్తాడు. నేను అంతా చెప్పాను. రెండు సెకన్లు ఆగి అన్నాడు:

"డిఫెండర్ ఆపింది ఎవరు ఆంటీ? నేనా, మీరా?"

రెండు రోజులు మేడమ్, మేడమ్ అన్నవాడు ఆ ఒక్క వాక్యంలో ఆంటీ అన్నాడు. పక్కన ఎవరో నవ్వుతున్నారు, స్పష్టంగా వినిపించింది. "నువ్వే కదా బాబూ ఆపమన్నావు" అన్నాను. "నేను చెప్తే బావిలో దూకుతారా? వెళ్లి కేసు పెట్టుకోండి, పిల్లాడి ఆట పోయిందని చెప్పండి, వాళ్లే నవ్వుతారు" అన్నాడు. ఫోన్ పెట్టేశాడు. మళ్లీ చేస్తే బ్లాక్. గ్రూపులో రాద్దామంటే నేను గ్రూపులో లేను, తీసేశారు.

డబ్బు పోయినందుకు కాదు నా బాధ. నా పిల్లాడి సంతోషం చూపించి నా చేతే నా ఇంటి తలుపు తీయించాడు, తీసినందుకు నన్నే తప్పుపట్టాడు. ఇరవై ఏళ్లుగా లెక్కలు చూస్తున్నాను. బిల్లు లేకుండా రూపాయి ఖర్చు రాయనిదాన్ని, పేరూ ఊరూ తెలియనివాడు ఫోన్‌లో చెప్తే కాపలా తీసేశాను. నన్ను నేను తిట్టుకోని గంట లేదు.

అసలు భయం సాయంత్రం పట్టుకుంది. నా బ్రౌజర్‌లో సేవ్ అయి ఉన్నవి నా పాస్‌వర్డ్‌లే కాదు. పదకొండు షాపుల జీఎస్టీ పోర్టల్ యూజర్ ఐడీలు, పాస్‌వర్డ్‌లు కూడా. రేపు 20, 3బీ అనే నెలవారీ జీఎస్టీ రిటర్ను వేయాల్సిన తేదీ. నన్ను నమ్మి ఇచ్చినవాళ్లందరికీ ఒక్కొక్కరికీ ఫోన్ చేసి "నా వల్ల మీ పాస్‌వర్డ్ బయటికి పోయి ఉండొచ్చు, ఇప్పుడే మార్చండి" అని చెప్పాను. సిమెంట్ షాపు పెద్దాయన ఏమీ అనలేదు. "సరేనమ్మా, ఓటీపీ నా ఫోన్‌కే వస్తుంది కదా, మారుద్దాం చెప్పు" అన్నారు. ఆయన అలా అనేసరికి నాకు ఏడుపు వచ్చేసింది.

హైదరాబాద్‌లో బీటెక్ చదువుతున్న మా అక్క కొడుకు రాత్రి బస్సెక్కి వచ్చాడు. ముందు వైఫై తీసేశాడు. బాబు ఆటలో కట్టుకున్న వరల్డ్ ఉన్న సేవ్స్ ఫోల్డర్ ఒక్కటి పెన్‌డ్రైవ్‌లోకి తీసి, ల్యాప్‌టాప్ మొత్తం ఫార్మాట్ చేసి విండోస్ మళ్లీ వేశాడు. ఫార్మాట్‌కి ముందు ఒకటి చూపించాడు, అది చూశాక నాకు నోట మాట రాలేదు. మైన్‌క్రాఫ్ట్ ఫోల్డర్‌లో ఆప్షన్స్ అనే చిన్న టెక్స్ట్ ఫైలు ఉంటుంది. అందులో పాజ్‌ఆన్‌లాస్ట్‌ఫోకస్ అని ఒక లైన్, అంటే వేరే కిటికీలోకి వెళ్తే ఆట ఆగాలా అని. దాని పక్కన ట్రూ ఉండాల్సిన చోట ఫాల్స్ అని ఉంది. ఆట వరకు ఆ టూల్ చేసింది అంతే. ఒక్క పదం మార్చింది. మిగతాదంతా దొంగతనం.

పైగా ఆ పదం మార్చడానికి ఫైలు తెరవక్కర్లేదు కూడా. మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌లో ఆట నడుస్తుండగా ఎఫ్3 నొక్కి పట్టుకుని పి నొక్కితే చాలు. వేరే కిటికీలోకి వెళ్తే ఆగడం అనేది ఆపేశామని తెర మీద ఎడమవైపు మెసేజ్ వస్తుంది. మళ్లీ నొక్కితే మామూలుగా మారుతుంది. కొన్ని ల్యాప్‌టాప్‌లలో ఎఫ్ఎన్ కూడా కలిపి నొక్కాలి. తర్వాత ఆల్ట్ ట్యాబ్ కొట్టి మన పని మనం చేసుకోవచ్చు. పైసా ఖర్చు లేదు. ఆట తయారుచేసినవాళ్లే పెట్టారు. ఇది నాకు 16వ తేదీ సాయంత్రం ఒక్కరు చెప్పి ఉంటే ఈ పోస్టే ఉండేది కాదు. అందుకే ముఖ్యంగా అమ్మానాన్నలకు ఇది చేరాలని రాస్తున్నాను.

మిగతావి గబగబా చెప్తాను. ల్యాప్‌టాప్ వేడెక్కుతుంటే వీడియో సెట్టింగ్స్‌లో మ్యాక్స్ ఫ్రేమ్‌రేట్ తగ్గించండి, పెట్టెలో ఇనుము చేరడానికి బొమ్మ నున్నగా కదలక్కర్లేదు. ఎన్విడియా కార్డు ఉన్నవాళ్లకు దాని కంట్రోల్ ప్యానెల్‌లో వెనకాల ఉన్న ప్రోగ్రాంకి ఫ్రేమ్‌రేట్ విడిగా తగ్గించే ఆప్షన్ ఉంది. ఎఫ్11తో ఫుల్ స్క్రీన్ తీసేస్తే కిటికీలు మారడం తేలిక. వేరే ఆటలైతే ముందు సెట్టింగ్స్‌లో వెతకండి, వెనకాల నడవనివ్వాలా అని చాలావాటిలో ఉంటుంది. ఆన్‌లైన్ ఆటల్లో కదలకుండా ఉన్నవాళ్లను బయటికి పంపేస్తారు, దాన్ని తప్పించుకునే టూల్స్ జోలికి అసలు వెళ్లకండి. అవి నిజంగా పనిచేసినా ఖాతా బ్యాన్ అయ్యే ప్రమాదం ఉంది. పిల్లలు దింపే మోడ్‌ల మీద, అంటే ఆటకు అదనంగా కలిపే ఫైళ్ల మీద కూడా ఒక కన్నేయండి. జావా మోడ్ అంటే మన కంప్యూటర్‌లో నడిచే ప్రోగ్రామే. 2023 జూన్‌లో ఫ్రాక్చరైజర్ అనే వైరస్ పేరున్న మోడ్ సైట్ల ద్వారానే పాకింది, అదీ ఇలాగే కుకీలూ ఖాతాలూ దోచేది. డిఫెండర్ ఆపమని ఎవరు చెప్పినా, ఎంత తీయగా చెప్పినా, ఫోన్ పెట్టేయండి.

ఇప్పటికే నాలా చేసినవాళ్లు ఉంటే ముందు ఇంటర్నెట్ తీసేయండి. పాస్‌వర్డ్‌లు వేరే ఫోన్ నుంచి మార్చండి, అన్ని డివైస్‌ల నుంచి సైన్ అవుట్ అనేది కూడా నొక్కండి, లేకపోతే పాత చీటీ వాళ్ల దగ్గర పనిచేస్తూనే ఉంటుంది. సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి. నేను చేశాను, సైబర్ క్రైమ్ పోర్టల్‌లో కూడా ఫిర్యాదు పెట్టాను, నంబర్ వచ్చింది. అక్కడ ఎవరూ నవ్వలేదు. వాడి దగ్గర కొన్నవాళ్లు ఇంకెవరైనా ఉంటే యూపీఐ లావాదేవీ నంబరు, చాట్ స్క్రీన్‌షాట్లు చెరపకుండా పెట్టుకుని మీరూ ఫిర్యాదు చేయండి. సిగ్గుపడి ఊరుకోకండి. నేనూ ఒక రోజు అలాగే ఊరుకున్నాను.

బాబు ఖాతా ఇంకా రాలేదు. రికవరీ ఫారం పంపి ఎదురుచూస్తున్నాం. వరల్డ్ పెన్‌డ్రైవ్‌లో భద్రంగా ఉంది, నోట్‌బుక్ వాడి సంచిలోనే ఉంది. పదకొండు షాపుల్లో పదింటి పాస్‌వర్డ్‌లు మారాయి. మెడికల్ షాపు వాళ్లు తిరుపతి వెళ్లారట, ఫోన్ కలవడం లేదు. మళ్లీ చేస్తున్నాను.