బదనిక తీసే ముఠా పని ఎట్లుంది: మా మామిడి తోట అనుభవం

కొల్లాపూర్ దగ్గర మా మామిడి తోటలో ఈసారి కాపు దిగాక బదనిక, అంటే చెట్టు కొమ్మ మీదే మొలిచి దాని మీద బతికే మొక్క, తీయించాం. చెట్లెక్కి కొమ్మలు కోసే ముఠా, పక్క ఊరివాళ్లు, రోజుకూలి లెక్కన వస్తారు. పని బాగుంది, మళ్లీ వాళ్లనే పిలుస్తాను, కాకపోతే ఒకటి రెండు విషయాల్లో పక్కనే నిలబడి చేయించుకోవాలి.

అంతకుముందు వచ్చినవాళ్లు బదనిక రెమ్మల్ని చేత్తో విరిచేసి, చెట్టు శుభ్రమైందని చెప్పి డబ్బులు తీసుకుని పోయారు. ఏడాది తిరిగేసరికి అదే చోట ఇంకా గుబురుగా వచ్చింది. రాకేం చేస్తుంది, దాని వేరు మామిడి కొమ్మ చెక్కలోకి దిగి ఉంటుంది, పైన ఆకులు పీకితే దానికి పోయేదేం లేదు. పైగా మన దగ్గర కనిపించే ఈ బదనిక రకానికి (శాస్త్రీయ నామం డెండ్రోఫ్తే ఫాల్కేటా) బెరడు మీద పాకే వేర్లు కూడా ఉంటాయి, అవి కొమ్మ వెంట పోతూ అక్కడక్కడా మళ్లీ లోపలికి దిగుతాయి.

ఈ ముఠా మేస్త్రికి ఆ సంగతి బాగా తెలుసు. బదనిక అతుక్కున్న చోట కొమ్మ కణితిలా ఉబ్బుతుంది కదా, అక్కణ్నుంచి మొదలు వైపు అడుగు, అడుగున్నర వదిలి రంపం పెట్టించాడు. కోసిన కొమ్మ తెచ్చి చూపించాడు కూడా: ఉబ్బు దాకా బాగానే ఉంది, అవతల మామిడి కొమ్మ పూర్తిగా ఎండిపోయింది, పైన కనిపించే పచ్చదనమంతా బదనికదే. దాని ఆకులు ఆహారం తామే తయారు చేసుకుంటాయి గానీ నీళ్లూ లవణాలూ మాత్రం మన చెట్టువి. మందు కొడితే పోదా అంటారు చాలామంది, దాన్ని చంపేంత మందు కొడితే మామిడికీ దెబ్బే.

ఇక లోపాలు. కోసిన బదనికను పండ్లతో సహా చెట్ల కిందే వదిలేశారు. ఆ పండులో గింజ చుట్టూ జిగురు ఉంటుంది, చిన్న పిట్టలు తిని విసర్జిస్తే గింజ కొమ్మకు అతుక్కుని అక్కడే మొలుస్తుంది, తోటంతా పాకేది అట్లనే. గట్టిగా అడిగాక మర్నాడు ఎత్తి బయట కాల్చారు, పేచీ పెట్టలేదు. కోసిన చోట బోర్డో పేస్టు (మైలుతుత్తం, సున్నం కలిపిన పూత మందు) పూయడం కూడా అంతే, మనం కలిపి చేతికిస్తేనే పూస్తారు.

కూలి కాస్త ఎక్కువే, కానీ రంపాలు, తాళ్లు వాళ్లవే. గట్టు మీది వేపచెట్లకు ఉన్న బదనిక సంగతి కూడా ముందే మాట్లాడుకోండి, తోటలో తీసి గట్టు మీద వదిలితే పిట్టలు మళ్లీ తెస్తాయి, మా దగ్గర దానికి వేరుగా అడిగారు, ఇచ్చాం. పిలిచేదేదో కాపు దిగిన వెంటనే పిలవండి, వానలు పట్టాక చెట్లు జారుతాయని ఎక్కడానికి ఒప్పుకోరు.