చెన్నై తెలుగు పిల్లల చేతికి బ్రౌన్ నిఘంటువు

బ్రౌన్ తెలుగు–ఇంగ్లిషు నిఘంటువు 1852లో మద్రాసులోనే అచ్చయింది. 1903లో సవరించిన కూర్పు వచ్చింది. ఇంట్లో తెలుగు మాట్లాడుతూ బడిలో తమిళం, ఇంగ్లిషు చదివే చెన్నై పిల్లలకు, ఆరో తరగతి దాటాక, మా లెక్కలో ఇంతకన్నా పనికొచ్చే నిఘంటువు లేదు. 1885 నాటి తెలుగు–తెలుగు నిఘంటువు శబ్దరత్నాకరం గొప్పదే, కానీ అందులో అర్థం కూడా గ్రాంథికంలోనే ఉంటుంది. ఒక మాట కోసం తెరిచిన పిల్లవాడు ఇంకో రెండు మాటలు వెతుక్కోవాల్సి వస్తుంది.

అలాగని పుస్తకం చేతికిచ్చి వెతుక్కోమంటే కుదరదు. ముందు వరస నేర్పాలి. తమిళంలో క, ఖ, గ, ఘ నాలుగింటికీ ఒకటే అక్షరం కాబట్టి 'గంప'ను క దగ్గర వెతుకుతారు. సున్నతో ఇంకా పెద్ద చిక్కు. తమిళ వరసలో అక్క ముందు, అంగాడి తర్వాత. బ్రౌన్‌లో సున్న మాటలే మొదట వస్తాయి: అ అవగానే అంకము, అంగడి, అక్క చాలా తర్వాత. ఒత్తులది దీనికి తలకిందులు. 'క్రమము' కావాలంటే క మొదట్లో కాదు, కౌ అయిపోయాక చూడాలి. క్రమము, అక్క, కౌలు, అంగడి, కంప అని ఐదు చీటీలు రాసిచ్చి వరసలో పెట్టమనండి. అది తప్పు లేకుండా వచ్చాకే పుస్తకం తెరవాలి.

తర్వాత మాట రూపం. 'పుస్తకం' దొరకదు, 'పుస్తకము' చూడాలి. 'ఇచ్చాడు'కి ఇచ్చు, 'వస్తాను'కి వచ్చు. 'రా' అన్నా వచ్చు దగ్గరికే వెళ్ళాలి. ఇది మాత్రం విడిగా చెప్పకపోతే ఎవరికీ తట్టదు. ర దగ్గర దొరకకపోతే ఱ కూడా చూడమనాలి.

ఇక సంకేతాలు. 'కాలు కాలింది' అనే వాక్యం ఇవ్వండి. రెండు కాలులూ ఉంటాయి. ఒకదాని పక్కన 'ఎన్' – నామవాచకం, పాదం. ఇంకోదాని పక్కన 'వి. ఎన్.' – తనంతట తాను కాలడం. అక్కణ్ణించి 'కాల్చు'కు వెళితే 'వి. ఎ.' – సకర్మక క్రియ, ఇంకొకదాన్ని కాల్చడం. 'వి. ఎన్.'లోని ఎన్ కూడా నామవాచకమే అనుకుని దాదాపు అందరూ తప్పు చేస్తారు. అది న్యూటర్, అంటే అకర్మక క్రియ. ఈ ఒక్క వాక్యానికి పావుగంట పెట్టినా నష్టం లేదు.

లోపాలూ ఉన్నాయి. బస్సు, ఫోను లాంటి మాటలు ఇందులో వెతకొద్దు. ఇంగ్లిషు కూడా పాతకాలపుది, కొన్ని అర్థాలు టీచరు విడమరచాలి. వెయ్యి పేజీలు దాటిన బరువు, చిన్న అచ్చు. పాత ప్రతిని ఫొటో తీసి అచ్చేసిన పునర్ముద్రణ అయితే కొనే ముందు త, థ, ద, ధ పేజీలు తిప్పి చూడండి: సిరా పలచబడి థలో చుక్క ఎగిరిపోతే అది ధ అవుతుంది, ధ కింది గీత పోతే ద అవుతుంది. అప్పుడు పిల్లవాడి తప్పో అచ్చు తప్పో తేలదు.

ఆంధ్రభారతి వెబ్‌సైటులో ఇదే బ్రౌన్, ఇతర నిఘంటువులతో కలిపి ఉచితంగా వెతకొచ్చు. టీచరుకు చాలా మంచిది. పిల్లలకు మాత్రం మొదటి రెండు నెలలు కాగితం పుస్తకమే ఇవ్వండి, క, చ, ట, త, ప, య మొదలయ్యే పేజీలకు అంచున చీటీలు అంటించి.